మూసే చుక్క

1. ఎండ కురచైన నెల

పెట్టే, దీపం వెలిగింది కనుక వింటున్నావనుకుంటాను. నాకు అక్షరం ముక్క రాదు. రానివాళ్ళు చెప్పుకోవడానికే నిన్ను ఈ నడవలో బిగించారని నాంచారయ్య చెప్పాడు. నేను చెప్పింది చెప్పినట్టు రాయి. మధ్యలో నీ తెలివి కలిపావంటే చేపల కత్తి తెచ్చి నీ తీగలు కోస్తాను.

నేను మానుపాటి అంకమ్మని. దివిసీమను సముద్రం మింగాక ఓడలెక్కి ఈ చలిదేశానికి వచ్చినవాళ్ళలో పచ్చబొట్టు పొడవడం తెలిసిన మనిషిని నేనొక్కదాన్నే. ఒడ్డువాళ్ళు మమ్మల్ని దిగనివ్వలేదు. ఓడలనే గొలుసులతో వరసగా కట్టి, మధ్యన రేకు నడవలు వేసి, ఇదే మీ వాడ అన్నారు. దాని మీద నాకు ఫిర్యాదు లేదు. నా ఫిర్యాదు నా చెల్లెలి కూతురు సింధూర మీద. అది బొమ్మలు గీస్తుంది. దాని బొమ్మ వల్ల ఇవాళ బుల్లెమ్మకు తలుపు తెరుచుకోలేదు.

పొద్దున్నే పొగగొట్టం లోపల మసి గీకి డబ్బాలోకి ఎత్తుకుంటున్నాను. బొట్టుకు మసీ కావాలి, పసరూ కావాలి. గుంటగలగరాకు ఈ దేశంలో ఎక్కడిది? సముద్రపు నాచు పిండుకుంటాను. అప్పుడే బుల్లెమ్మ ఏడుస్తూ వచ్చింది. చేపల కొట్టులో పని దిగి, తడి బట్టలతో తన ఓడ తలుపు ముందు చెయ్యి చాపిందట. ఈ చెయ్యి మాకు తెలియదు అన్నదట తలుపు. మళ్ళీ చాపితే మళ్ళీ అదే మాట. వెనకాల దాని మొగుడు శేషయ్య వణుకుతూ నిలబడి, నువ్వేం చేశావే అని దాన్నే తిట్టాడట.

మా కాగితాలన్నీ నీళ్ళపాలయ్యాయి. అందుకని ఒడ్డువాళ్ళు మా ఆడవాళ్ళ ముంజేతి పచ్చబొట్టునే గుర్తుగా పెట్టారు. చెయ్యి చూపితే తలుపు తెరుచుకుంటుంది. లోపల వేడి ఉంటుంది, బయట నడవలో ఉండదు. మగవాడు, పసిపిల్లలు ఆ ఇంటి ఆడదాని చెయ్యి వెనకాలే లోపలికి రావాలి. ఇంకో ఆడదాన్ని వెంట రానివ్వదు. అందుకే ఈ వాడలో మగవాళ్ళు కాస్త మర్యాదగా ఉంటారు.

బుల్లెమ్మ చెయ్యి నేను పొడిచిందే. దీపం కింద పెట్టి చూశాను. మోచేతి నుంచి మణికట్టు దాకా చుక్కల వరస. అది దాని కాలవ. లాకు దగ్గర మలుపు ఉంది, తాడిచెట్లు ఉన్నాయి, రేవు ఉంది. చివర మణికట్టు మీద చుక్కల గుండ్రం. ఆ గుండ్రంలో ఒక్క చుక్క చోటు ఖాళీగా ఉంది. ఉండాలి. అది ఊపిరి వచ్చిపోయే సందు. మనిషి పోయాక, పాడె ఎక్కించే ముందు, నేను ఆ ఖాళీలో చుక్క పొడిచి గుండ్రం మూస్తాను. మూసే చుక్క పడ్డ మనిషిని ఎవరూ పలకరించకూడదు. పేరు పెట్టి అసలే పిలవకూడదు. పిలిస్తే పోవలసిన దారి మరిచి వెనక్కి వస్తుంది.

చెయ్యి సరిగ్గానే ఉంది. నాంచారయ్యను పట్టుకున్నాను. మావాడే, ఒడ్డువాళ్ళ దగ్గర తలుపుల పని చూస్తాడు. వాడు నీళ్ళు నమిలి చివరికి చెప్పాడు. మా వాడలో లేని వేరే ఓడలవాళ్ళు వేడి కోసం దొంగబొట్లు పొడిపించుకుని మా తలుపుల్లో దూరుతున్నారట. అసలు బొట్టు ఎలా ఉంటుందో తలుపులకు నేర్పాలని సింధూర గీసిన బొమ్మల్ని తీసుకున్నారట. ఒడ్డున పెద్ద మేడలో గోడలనిండా మా చేతులు గీసి పెట్టింది గదా, ఆ బొమ్మల్ని. మీ జాతి మనిషే గీసింది కదా, అంతకంటే సాక్ష్యం ఏం కావాలన్నారట. ఒక్కో ఓడ తలుపుకూ ఆ కొత్త చూపు పెట్టుకుంటూ వస్తున్నారు. బుల్లెమ్మ ఓడ మొదటిది.

ఆ బొమ్మల్లో గుండ్రాలన్నీ మూసి ఉన్నాయి. ఒక్క దాంట్లోనూ సందు లేదు.

నాకు కావలసింది ఇదీ. ఆ బొమ్మలు చింపెయ్యాలి. తలుపులు మునుపటిలా తెరుచుకోవాలి. ఇంతే. రాశావా?

2. అదే నెల, గాలివాన పోయాక

సింధూర వచ్చింది. ఒంటి మీద కోటు, దాని మీద ఇంకో కోటు. మెడలో ఒడ్డువాళ్ళు ఇచ్చిన బిళ్ళ. కాళ్ళకు దండం పెట్టబోతే కాళ్ళు వెనక్కి లాక్కున్నాను.

పెంచింది నేనే. దాని తల్లి, అంటే నా చెల్లెలు, ఓడ మీదే పోయింది. ఆ ప్రయాణంలో చాలామంది పోయారు. డెక్ మీద వరసగా పడుకోబెట్టి ఒక్కొక్కరి గుండ్రం మూసుకుంటూ నేను ముందుకు జరుగుతుంటే, ఇది నా వెనకాల బొగ్గుముక్క పట్టుకుని తిరిగేది. ఒడ్డువాళ్ళు దాన్ని బడికి తీసుకెళ్ళారు. ఇప్పుడు దాని బొమ్మ ముందు నిలబడి అక్కడి దొరసానులు కళ్ళు తుడుచుకుంటారట. పోయిన దేశం, పోయిన మనుషులు, ఎంత బాధ అని.

తప్పు దిద్దుతానని వచ్చింది. బతికున్న ఆడవాళ్ళ చేతులు, సందుతో ఉన్నవి, ఇప్పుడు గీసి ఇస్తే తలుపులు రెండు రకాలూ నేర్చుకుంటాయట. ఆడవాళ్ళను కూర్చోబెట్టమని నన్ను అడిగింది. కుదరదన్నాను. సందున్న చేతిని బొమ్మ గీయకూడదు. గీసినవాడు ఎక్కడ గీత ఆపుతాడో ఊపిరి అక్కడ ఇరుక్కుంటుంది. ఇది మా అమ్మ నాకు చెప్పింది, నేను దీనికి చెప్పాను.

"పెద్దమ్మా, నేను అబద్ధం గీయలేదు. చూసిందే గీశాను," అంది.

"శవాల్ని చూసి గీశావు."

"బతికున్నవాళ్ళని చూడనిచ్చావా నువ్వు? బొగ్గుముక్క కనిపిస్తే చాలు, చేతి మీద కొట్టేదానివి. డెక్ మీద పడుకున్నవాళ్ళొక్కళ్ళే నా దగ్గర్నుంచి చెయ్యి లాక్కోలేదు. అందులో మా అమ్మ కూడా ఉంది."

దాని గొంతు పెరగలేదు. అరిచి ఉంటే రెండు చెంపలూ వాయించేదాన్ని. అరవకపోయేసరికి ఏం చేయాలో తోచలేదు. పొమ్మన్నాను.

ఇది కూడా రాయి. నేను వద్దన్నది నిజం. మళ్ళీ అంటాను. అది వెళ్ళగానే ఓడ ఓడకూ తిరిగి చెప్పి వచ్చాను. సింధూర ముందు ఎవతి చెయ్యి చాపినా, రేపు అది చచ్చినప్పుడు నేను సూది పట్టనని. మూసేవాళ్ళు లేక ఈ చలి నీళ్ళమీద అట్లాగే తిరుగుతుందని. అందరూ తల ఊపారు. ఒక్కతీ వెళ్ళలేదు.

3. మంచు నడవల్లోకి వచ్చిన వారం

ఇంకో రెండు ఓడల తలుపులకు కొత్త చూపు పెట్టారు. ఆడవాళ్ళు, వాళ్ళ పిల్లలు, మొగుళ్ళు నడవల్లో పడుకుంటున్నారు. చేపల సంచులు కప్పుకుంటున్నారు. పొద్దున లేచేసరికి జుట్టు రేకుకు అంటుకుపోతోంది.

ఇవాళ బుల్లెమ్మ లోపలికి వెళ్ళింది. నాచు గీకడానికి పోతూ దాని ఓడ ముందు నుంచి నడుస్తుంటే లోపల్నుంచి నవ్వు వినిపించింది. నాంచారయ్యను అడిగితే చెప్పాడు. చేపముల్లుతో, నా డబ్బాలోంచి దొంగిలించిన మసితో, తనకు తనే సందులో చుక్క పొడుచుకుందట. తలుపు దగ్గర చెయ్యి ఎత్తకముందే తెరుచుకుందట. అది చూసి ఆ ఓడలోనే ఉండే నాంచారయ్య పెళ్ళాం, ఇంకొందరూ అదే ముల్లుతో పొడిపించుకున్నారట.

నేను ఏం చేయాలో నాకు తెలుసు. ఇంటికెళ్ళి జుట్టు విప్పుకుని వచ్చాను. నాంచారయ్య తన పెళ్ళాం చేతి వెనకాల లోపలికి పోతుంటే, తలుపు మూసుకోకుండా గడప మీద కాలు పెట్టి నిలబడ్డాను. తలుపు మూలిగింది. నాంచారయ్య భయపడి దాన్ని ఆపించాడు. నేరుగా బుల్లెమ్మ మంచం కాళ్ళ దగ్గర కూర్చుని గుండెలు బాదుకుని ఏడుపు ఎత్తుకున్నాను. చచ్చినవాళ్ళకు ఎట్లా ఏడవాలో అట్లాగే. బుల్లెమ్మా, కాలవలో ఈదిన చేపవే, రేవులో నీ అంత బిందె ఎత్తిన ఆడది లేదే, నీ చేతి పులుసు తిన్నవాడు చెయ్యి కడుక్కోలేదే అని. గంజి తాగుతూ వింటోంది బుల్లెమ్మ.

"ఇన్నేళ్ళలో నా గురించి ఒక్క మంచి మాట అన్లేదే అంకమ్మత్తా," అంది. "ఇన్ని మంచి మాటలు ఎక్కడ దాచావ్?"

మంచాల మీది ఆడవాళ్ళు నవ్వారు. నేను జవాబు చెప్పలేదు. చచ్చినవాళ్ళతో మాట్లాడకూడదు. ఏడుపు పూర్తి చేసి, దాని గంజిగిన్నెను నా కొంగుతో పట్టుకుని తీసుకెళ్ళి నడవలో బోర్లించాను. పాడె లేచాక వంటగిన్నె బోర్లించాలి గదా. అప్పటికి నవ్వులు ఆగిపోయాయి. బుల్లెమ్మ పిల్ల ఏడవడం మొదలుపెట్టింది. అమ్మ చచ్చిపోయిందా అని అడిగింది వాళ్ళ నాన్నను.

4. ఇంకా అదే వారం

రోజూ ఎవరో ఒకరు మూసుకుంటున్నారు. రోజూ వెళ్ళి ఏడుస్తున్నాను. నా గొంతు బొంగురుపోయింది. తలుపు ఆపించలేనని నాంచారయ్య అంటే తలుపు బయటే కూర్చుని లోపలికి వినపడేట్టు ఏడుస్తున్నాను.

శేషయ్య వచ్చాడు. అటూ ఇటూ చూసి, నా పక్కన చతికిలబడి, "అత్తా, ఒక మాట. బుల్లెమ్మ పోయినట్టేనా నిజంగా?" అని అడిగాడు.

పోయినట్టే అన్నాను.

"మరి నాకు కర్మ అయిపోయినట్టేనా?"

అయిపోయినట్టే అన్నాను. వాడి కళ్ళలో వెలుగు చూసి వాడు దేనికి అడిగాడో తెలిసింది. అయినా మాట వెనక్కి తీసుకోలేదు. చివరి ఓడలో మల్లికాంబ అని ఒక విధవరాలు ఉంది. ఆమె మంచానికి మకాం మార్చాడు. బుల్లెమ్మ వెళ్ళి జుట్టు పట్టుకుంటే, నువ్వు చచ్చావు కదా నీతో నాకేంటి అన్నాడట. అందరి ముందే. బుల్లెమ్మ ఇప్పుడు నవ్వడం లేదు. పిల్లను పడుకోబెట్టుకుని గోడవైపు తిరిగి ఉంటోందట.

ఆడవాళ్ళు కూడబలుక్కుని నా మీద ఫిర్యాదు చేశారని నాంచారయ్య వచ్చి చెప్పాడు. బతికున్నవాళ్ళను చచ్చారని చెప్పి కాపురాలు కూలుస్తోందని. ఈ పెట్టెలోనే చెప్పారట. అంటే నువ్వు వాళ్ళదీ విన్నావు, నాదీ వింటున్నావు. నీకు సిగ్గు లేదు. మంచిదే, రెండూ పక్కపక్కన పెట్టి చదవమను. గుండ్రాలు మూసింది వాళ్ళు. ఏడ్చింది నేను.

5. సూర్యుడు మొహం చూపించడం మానేసిన రోజులు

నా కూతురు నూకాలు ఓడకు కొత్త చూపు పెట్టారు.

నూకాలు మొగుడు పోయినప్పట్నుంచి ఒంటరిగానే ఉంటుంది. నాతో పడదు. నా ఓడ చివర్నుంచి రెండోది, నా తలుపు ఇంకా పాతదే, నన్ను రానిస్తోంది. వేరే ఓడదని దాన్ని రానివ్వదు. నడవలో, నా తలుపుకు ఆనుకుని పడుకుంది. తలుపు సందులోంచి కాస్త వెచ్చగా వస్తుందని. దానికి చిన్నప్పట్నుంచీ ఛాతీ మంచిది కాదు. దగ్గితే రేకు మోగుతోంది.

గంజిగిన్నె గుడ్డలో చుట్టి తెచ్చిస్తున్నాను. తెచ్చేలోగానే పైన పొర కడుతోంది. ఇవాళ గంజి తాగి గిన్నె పక్కన పెట్టి, చెయ్యి నా ఒళ్ళో పెట్టింది.

"వేరేవాళ్ళు ముల్లుతో పొడిస్తే చీము పట్టుద్ది. నువ్వు పొడువమ్మా," అంది.

నా చేత్తో నిన్ను చంపుకోనన్నాను.

"చలి చంపితే అది నీ చెయ్యి కాదు కాబట్టి ఫర్వాలేదా?"

 దాని చెయ్యి చూస్తూ కూర్చున్నాను. దాని వరస నా వరసే. ఒకే కాలవ, ఒకే రేవు. పొడిచినప్పుడు చిన్నపిల్ల. ఏడవకుండా మూతి బిగించుకుని, ఇంకెంత దూరం ఉందే మన ఊరు అని అడిగింది. మోచేతి నుంచి మొదలుపెట్టి లాకు దాకా వచ్చాను అప్పటికి. వచ్చేశాం, ఇంకో మలుపు అన్నాను.

"బుల్లెమ్మకు ఏడ్చావంట కదా," అంది నూకాలు. "నాకేమని ఏడుస్తావు? ముందే చెప్పు, వినిపోతాను."

నోరు మూసుకుని పడుకోమన్నాను. నవ్వి, దగ్గి, పడుకుంది.

6. మరునాడు

ఇది ఎవరికీ చెప్పలేదు. నీకే చెబుతున్నాను. నూకాలుకు కూడా చెప్పలేదు. చెబితే నవ్వుతుంది. వాడంతా తెలిస్తే, నడవల్లో నేను బెదిరించిన ఆడవాళ్ళంతా నా మొహాన ఉమ్ముతారు.

మొహం నిండా ముసుగు వేసుకుని సింధూర దగ్గరికి వెళ్ళాను. ఒడ్డుకు దగ్గరగా ఉన్న ఒడ్డువాళ్ళ ఓడలో దాని గది, పగలైతే ఎవరినైనా రానిస్తారు. లోపల వెచ్చగా ఉంది. గోడల నిండా చేతులు. ఒక చేతిని నేను గుర్తుపట్టాను. నా చెల్లెలిది. వేలు విరిగి వంకరగా ఉంటుంది. ఆ వంకర కూడా గీసింది.

రావడం చూసి లేచి నిలబడింది. కూర్చుని, రవిక చెయ్యి పైకి లాగి బల్ల మీద పెట్టాను.

"గీయి. నోరు మూసుకుని గీయి," అన్నాను.

గీసింది. నన్ను చూడలేదు, చేతినే చూసింది. ఇంత దగ్గరగా నా చెయ్యి నా మొగుడు కూడా చూడలేదు. మోచెయ్యి, మలుపు, లాకు, చెట్లు, రేవు. గుండ్రం దగ్గరికి వచ్చేసరికి నేను కళ్ళు మూసుకున్నాను. సందు దగ్గర దాని బొగ్గు ఆగింది, దాటి అవతల మొదలైంది. విన్నాను. నాకు ఊపిరి ఆడుతూనే ఉంది. అది నాకు నచ్చలేదు.

అయిందా అన్నాను. అయింది కానీ చాలదంది. ఒక్క చెయ్యి గీసి ఇస్తే తలుపు దాన్ని తప్పుగా పొడిచిన బొట్టు అనుకుంటుందట. అలాంటిదే రెండోది ఉంటే అప్పుడది వరస అని ఒప్పుకుంటుందట. కొత్తగా పొడిచినవి పనికిరావు, ఓడలెక్కే నాటికి ఉన్న చేతులే కావాలి. చివరి ఓడవాళ్ళు కూడా భయపడి ముందే మూసుకున్నారు. నా ఓడవాళ్ళూ అంతే.

"ఎవరున్నారు పెద్దమ్మా ఇంకా?"

"నూకాలు ఉంది. తీసుకొస్తాను," అన్నాను.

లేచేటప్పుడు అది నా రవిక చెయ్యి కిందికి దింపబోయింది. దాని వేళ్ళు నల్లగా ఉన్నాయి, మసి పట్టినప్పటి నా వేళ్ళలాగా. చెయ్యి విదిలించుకుని వచ్చేశాను.

7. అదే రోజు

నడవలో లేదు. గుడ్డ ఉంది, గిన్నె ఉంది, మనిషి లేదు. చేపల కొట్టులో చూశాను. నీళ్ళు పట్టే చోట చూశాను. చివరికి దాని ఓడ తలుపుకు ఉన్న చిన్న గాజుబిళ్ళలోంచి చూశాను. తన మంచం మీద కూర్చుని ఉంది. మణికట్టుకు గుడ్డ చుట్టుకుని ఉంది. పక్కన బుల్లెమ్మ, చేతిలో ముల్లు. కొత్త చూపుకు గుండ్రం మూసి ఉంటే చాలు, ఏ ఓడదాన్నైనా రానిస్తుంది.

గాజు మీద కొట్టాను. లేచి వచ్చి తలుపు తెరిచి గడప లోపలే నిలబడింది. బుగ్గలకు అప్పుడే రంగు వచ్చింది.

సింధూర దగ్గరికి వెళ్ళి వచ్చానని చెప్పాను. నా చెయ్యి గీసిందని, నీది ఒక్కటి గీస్తే చాలని, తలుపులన్నీ తెరుచుకుంటాయని. అప్పటికింకా గుడ్డ విప్పి చూడలేదు, అందుకని మాట్లాడాను. అది గుడ్డ విప్పి చూపించింది. బుల్లెమ్మ వంకరగా పొడిచింది. కానీ సందు మూసుకుపోయింది.

"నువ్వు మెత్తబడతావని నాకెవరు చెప్పారమ్మా?" అంది నా కూతురు.

పొడిచిన చుక్క పోదు. కోసేయడం గురించి ఆలోచించాను, ఆలోచించలేదని అనను. కోస్తే మచ్చ పడుతుంది. మచ్చ పడ్డ చేతిని తలుపు అసలు చూడదు.

అక్కడే, గడప ఇవతల, జుట్టు విప్పుకున్నాను. ఏమని ఏడుస్తావని నిన్న అడిగింది కదా. ఏడ్చాను. ఏమని ఏడ్చానో నీకు చెప్పను. అది తలుపు పట్టుకుని చివరిదాకా నిలబడి వింది. మధ్యలో ఒకసారి, చాల్లే అమ్మా, అంది. నేను ఆపలేదు. గిన్నె తెచ్చి దాని ముందు బోర్లించాను.

ఈ రోజు నుంచి దాని పేరు నేను చెప్పను. పై మాటల్లో నువ్వు రాసుకున్న చోట్ల ఉంటే ఉండనీ.

8. చీకటి నెల

నా తలుపుకు కూడా కొత్త చూపు పెట్టారు. నాచు తీసుకుని వచ్చి చెయ్యి చాపాను. ఈ చెయ్యి మాకు తెలియదు అంది. ఈ వాడలో ప్రతి చెయ్యీ నేను పొడిచిందేనే అన్నాను. మళ్ళీ అదే మాట.

ఒడ్డున కనుక్కుని రమ్మని నాంచారయ్యను పంపాను. వెళ్ళి వచ్చాడు. వాడికి నా కళ్ళలోకి చూసే ధైర్యం లేక బూట్లు చూసుకుంటూ చెప్పాడు. నా ఫిర్యాదు విన్నారట. సబబుగానే ఉందన్నారట. కానీ ఇలాంటి చెయ్యి ఉన్న ఇంకొకరిని చూపిస్తేనే గాని వరసగా ఒప్పుకోరట. ఒక్కరే ఉంటే జాతి కాదట.

"మీలాంటోళ్ళు ఎవరూ లేరంట అత్తా," అన్నాడు.

సింధూర గీసిన బొమ్మ ఏమైందని అడిగాను. ఇంకొంచెం సేపు బూట్లు చూసుకున్నాడు. తలుపులవాళ్ళకు ఇమ్మని సింధూర కాళ్ళావేళ్ళా పడిందట. వాళ్ళు వద్దంటే, గోడలవాళ్ళు తీసుకున్నారట. తలుపులవాళ్ళు వేరే, గోడలవాళ్ళు వేరే. పెద్ద మేడలో ఒక గోడంతా నా చెయ్యే ఉందట. మనుషులు వరసలో నిలబడి చూసి పోతున్నారట. ఆ సందు దగ్గర చాలామంది ఆగి ఏడుస్తున్నారట. ఆ గది వెచ్చగా ఉంటుందా అని అడిగాను. ఉంటుందన్నాడు, బొమ్మలు పాడవకుండా.

బుల్లెమ్మ ఇటు నుంచి పోతూ ముల్లూ, మసి డబ్బా నా పక్కన పెట్టి పోయింది.  నా డబ్బానే అది.

సింధూర కూడా వచ్చింది. ఒక కోటు విప్పి నా మీద వేసింది. వేయనిచ్చాను. పెద్దమ్మా, ఒక్క చుక్క, అంది. మీ అమ్మకు నేను పొడిచింది కూడా ఒక్క చుక్కే అన్నాను. లేచి వెళ్ళిపోయింది.

నాకు కావలసింది మళ్ళీ చెబుతున్నాను, ఒడ్డువాళ్ళకు చదివి వినిపించు. నేను బతికున్నానని రాయాలి. ఉన్న చెయ్యి ఉన్నట్టుగా, బతికున్నానని. వేడి ఇవ్వకపోతే మానె.

9. నడవలో

నా గొంతు వణికితే అది చలి. ఇంకేమీ రాయకు.

ఇందాక పక్క ఓడ తలుపు తెరుచుకుని ఒక మనిషి వచ్చింది. వచ్చి నా ఎదురుగా రేకుకు ఆనుకుని కూర్చుంది. దుప్పటి తెచ్చుకోలేదు. మరిచిపోయి కాదు, కావాలనే తెచ్చుకోలేదు. కాళ్ళు చాపితే మా పాదాలు తగులుతాయి. నేను ముడుచుకున్నాను.

 దగ్గింది. తర్వాత నా వైపు కాకుండా నీ వైపు తిరిగి మాట్లాడింది. నువ్వు విన్నావు, అయినా నేనూ చెబుతాను, ఎవరి మాట ఎవరిదో కలిసిపోకుండా.

"పెట్టే, మా అమ్మ నాతో మాట్లాడదు. నువ్వు చెప్పు. ఒక్కసారి నన్ను పేరు పెట్టి పిలిస్తే ఇక్కడే ఉంటాను. ఆమెతోనే ఉంటాను, ఏమైనా సరే. అంతకన్నా నాకేం వద్దు."

నేను కూడా నీతోనే చెప్పాను. ఎదురుగా కూర్చున్న మనిషి ఎవరో నాకు తెలియదని రాయమన్నాను. నా కూతురు పోయిందని, దానికి ఏడ్చేశానని రాయమన్నాను.

"సరే, ఉంటాను. నాకు తొందరేం లేదు," అంది.

పెదవులు నల్లబడటం చూశాను. వేళ్ళు చంకల్లో పెట్టుకుంది. దగ్గు ఆగాక, రేవులో నేను దాన్ని ఎట్లా కేకేసేదాన్నో నీకు చెప్పింది. కాలవ అవతలి గట్టుకు వినపడేట్టు చివరి అక్షరం సాగదీసి పిలిచేదాన్నట. ఎక్కడున్నా పరిగెత్తుకొచ్చేదట. నిజమే, అట్లాగే పిలిచేదాన్ని. నోట్లో పళ్ళు బిగబట్టుకుని గోడ వైపు చూశాను. గోడ మీద మేకులున్నాయి. వాటినే చూశాను.

ఇంకా కూర్చుంది. దగ్గులో నురగ పడింది, కొంగుతో తుడుచుకుంది. నేను పిలుస్తానేమోనని మొహంలోకి చూసింది. నేను చూడలేదు గానీ చూస్తోందని తెలుసు.

చివరికి రేకు పట్టుకుని లేచింది. మొదటిసారి లేవలేకపోయింది, రెండోసారి లేచింది.

"రాయివమ్మా నువ్వు," అంది. నీతో కాదు, నాతోనే.

పెట్టే, నేను పిలిచి ఉంటే అది ఉండిపోయేది. దాని సంగతి నాకు తెలుసు. మొండిది, నా కడుపున పుట్టిందే కదా. ఉండిపోతే రేపు నాంచారయ్య వచ్చి ఇద్దరినీ రేకు మీంచి ఊడబెరకాలి. ఈ ముక్క విన్నపంలో పెట్టకు. అంకమ్మ పిలవలేదు అని మాత్రం రాయి.

అది తలుపు దాకా నడిచింది. చెయ్యి పూర్తిగా ఎత్తకముందే తలుపు తెరుచుకుంది. మళ్ళీ మూసుకునేదాకా లోపలి వేడి నడవలోకి వచ్చి నా మోకాళ్ళ దాకా తగిలింది.